మూడడుగుల ఎత్తు

ఆదివారం ఉదయం ఆ ఇంట్లో అందరికంటే ముందు మేలుకునేది ఇస్త్రీపెట్టె. మామగారు దాన్ని కాలరు నుంచి అంచు దాకా ఒకే వరసలో, తొందర లేకుండా నడిపిస్తారు. ఆవిరి లేస్తుంది, ముడత అణుగుతుంది, నీలిరంగు యూనిఫాం అద్దంలా నిలుస్తుంది. చిత్రశాల పై అంతస్తులోని పెద్ద హాలుకు ఆయన ఇరవై ఎనిమిదేళ్ళుగా కాపలా. అక్కడ ఆయన కోసం ఒక కుర్చీ ఉంది గానీ, డ్యూటీలో ఆయన దాని మీద కూర్చోగా చూసినవాళ్ళు లేరు. తోటివాళ్ళు ఆయన్ని ‘గడియారం’ అంటారు. అది వెక్కిరింతో మెచ్చుకోలో ఆయన ఎన్నడూ అడగలేదు.

వంటింటి బల్ల దగ్గర కోడలు కాగితాలు దొంతరలు పెడుతోంది. స్కూల్లో డ్రాయింగు టీచరుగా పనిచేసి, ఏడాది కిందట ఆమె కూడా ఆ చిత్రశాలలోనే చేరింది. ఆమెకు అప్పగించిన పని ఒక్కటే: పిల్లలున్న కుటుంబాలు ఆ మెట్లెక్కాలి, ఎక్కినవాళ్ళు ఆనందంగా దిగాలి. దానికి ‘పిల్లల గంట’ అని పేరు పెట్టింది ఆమే. ఒక్కో కాగితం మీద ఎనిమిది ప్రశ్నలు. పడవలో కుక్క ఎక్కడుంది? ఎర్ర గొడుగు ఎవరి చేతిలో ఉంది? ఆ ప్రశ్నలు తయారు చేయడానికి ఆమెకు మూడు వారాలు పట్టింది.

“పిచ్చుకా, రా, జడ వేస్తాను. బస్సు టైమవుతోంది.”

ఆరేళ్ళ కూతురు బల్ల కింద నుంచి తల బయటపెట్టింది. “నేను రాను.”

“ఎందుకు రావు?”

“ఇంట్లో తాత వేరు, అక్కడ తాత వేరు. అక్కడి తాత నన్ను చూసి ‘ష్’ అంటాడు.”

కుట్టుమిషను దగ్గర అత్తగారు దారం కొరికి తెంపింది. “ఇంట్లో తాత మాత్రం తక్కువా? నేను మిషను తొక్కితే నాకూ ‘ష్’ అంటారు. పెళ్ళయిన కొత్తలో నా నవ్వుకి కూడా డ్యూటీ వేళలు పెట్టారు ఈయన.”

మామగారు వినలేదు. విన్నా విననట్టుండటం ఆయన ఉద్యోగంలో సగం.

అప్పుడే కోడలి ఫోను మోగింది. డైరెక్టరు గారి నుంచి ఒక ఫొటో, కింద ఒక వాక్యం: “వచ్చేముందు ఇది చదవండి.” అది హాలు డ్యూటీ పుస్తకంలోని పుట. తేదీ రెండు వారాల కిందటిది. గుండ్రంగా, నిటారుగా, ఒక్క కొట్టివేత లేని ఆ దస్తూరీ ఆమెకు కొత్తది కాదు. ఫ్రిజ్ మీద అంటించిన కూరగాయల జాబితా కూడా అదే దస్తూరీలో ఉంటుంది.

ఆమె పైకే చదివింది. “ఉదయం పదకొండు గంటల పది నిమిషాలకు, సుమారు ఆరేళ్ళ వయసు గల బాలిక హాలులో పరుగెత్తి, పసుపు గీత దాటి, పడవల చిత్రానికి జానెడు దూరము వరకు వెళ్ళినది. తల్లి అదుపు చేయలేదు. చిన్నపిల్లలను పై అంతస్తునకు అనుమతించరాదని నా మనవి.”

ఇస్త్రీపెట్టె ఆగింది.

“సుమారు ఆరేళ్ళ బాలికా?” కోడలి కళ్ళు నిండాయి. “మామయ్యగారూ, ఆ సుమారు ఆరేళ్ళ బాలికకి నిన్న గోళ్ళు కత్తిరించింది మీరే కదా!”

“డ్యూటీ పుస్తకంలో బంధుత్వాలు రాయకూడదమ్మా.”

“తల్లి అదుపు చేయలేదని మాత్రం రాయొచ్చా?”

“చూసింది రాశాను. ఆ చిత్రం వయసు నూట యాభై ఏళ్ళు. పిల్ల పోయి తగిలి అద్దం పగిలుంటే?”

“తగల్లేదుగా!”

“తగలకముందే రాయాలి. తగిలాక రాయడానికి ఏముంటుంది?”

“ఆ రోజే ఇంటికొచ్చి నాతో ఒక్క మాట అనుండొచ్చు కదా! రెండు వారాలు ఒకే బల్ల మీద తింటున్నాం. నాకు టీ అందిస్తూనే ఉన్నారు.”

“నువ్వు నా కోడలివన్న సంగతి ఆ హాలులో పనికిరాదు.”

“ఇక్కడైనా పనికొస్తుందా, మామయ్యగారూ?”

కుట్టుమిషను కూడా ఆగింది. బల్ల కింద పిచ్చుక మోకాళ్ళు దగ్గరికి లాక్కుంది.

“మీకు తెలియాలనే చెబుతున్నాను,” అంది కోడలు, ఈసారి మెల్లగా. “ఈ రోజు స్వయంగా వచ్చి నిలబడి చూస్తానని డైరెక్టరు గారు నిన్ననే చెప్పారు. ఇవాళ కూడా పిల్లలు గీత దాటితే పదేళ్ళలోపు వాళ్ళకి ప్రవేశం లేదని బోర్డు పెట్టేస్తారు. పిల్లల గంట పోతుంది. దాంతో నా పనీ పోతుంది.”

మామగారు టోపీ తీసుకున్నారు. “నీ పని నువ్వు చెయ్యి. నా పని నేను చేస్తాను,” అని, ముందు బస్సుకే వెళ్ళిపోయారు.

అత్తగారు మిషను మీద గుడ్డ కప్పి లేచింది. “పద, నేనూ వస్తా. మీ ఇద్దరి మధ్య ఈ పిచ్చుక నలిగిపోతుంది.”

*

పదకొండు కుటుంబాలు వచ్చాయి. పిల్లలు పద్దెనిమిది మంది. పెద్ద హాలు పొడవుగా, ఎత్తుగా, చల్లగా ఉంది. గోడ నిండా అద్దాల వెనక పెద్ద పెద్ద చిత్రాలు, నేల మీద వాటి ముందు పసుపు గీత. తలుపు దగ్గర డైరెక్టరు గారు చేతులు వెనక్కి కట్టుకుని నిలబడ్డారు. ఎదురుగా, ఖాళీ కుర్చీ పక్కన, మామగారు.

కోడలు కాగితాలు పంచింది, పెన్సిళ్ళు పంచింది, నవ్వుతూ నియమాలు చెప్పింది. అయిదు నిమిషాలు అంతా బాగానే సాగింది. ఆరో నిమిషం నుంచి అది పరీక్ష హాలయిపోయింది, అదీ పిల్లల బదులు పెద్దలు రాసే పరీక్ష.

“కుక్క పైన, ఎడమ పక్కన. రాసెయ్. తర్వాతది?” అన్నాడొక తండ్రి, ఫోను మీద నుంచి తల ఎత్తకుండానే.

“ఎక్కడ నాన్నా?”

“అదిగో, కనిపించట్లేదూ? కళ్ళజోడు మార్పించాలి నీకు.”

“అందరూ నాలుగో ప్రశ్నలో ఉన్నారు, నువ్వింకా ఒకటి దగ్గరే!” అని ఒక తల్లి కొడుకు చేతిలోంచి పెన్సిలు లాక్కుని తనే రాసింది.

ఒక చిన్నది నేల మీద కాళ్ళు తన్నుకుంటూ కుక్క లేదని ఏడ్చింది. ఇద్దరు కవలలు ఒకరినొకరు తరుముకోవడం మొదలుపెట్టారు. వాళ్ళ బూట్ల చప్పుడు పాలరాతి నేల మీద వడగళ్ళలా మోగింది. పసుపు గీతకు ఒక అడుగు, అర అడుగు. కోడలు చేతులు అడ్డుపెట్టి “నాన్నలూ, మెల్లగా” అంటోంది గాని, ఆ మాట ఆమెకే వినిపించడం లేదు. డైరెక్టరు గారు గడియారం చూసుకున్నారు. మామగారి వైపు చూడకూడదని కోడలు గట్టిగా అనుకుంది, అనుకుని చూసింది. ఆయన ముఖం గోడలా ఉంది.

అంతలో ఎవరి చేతిలోంచో ఒక పెన్సిలు జారి, దొర్లి, గీత దాటి, పడవల చిత్రం కింద ఆగింది. గీత దాటే అధికారం ఆ హాలులో ఒక్కరికే ఉంది. మామగారు వచ్చారు. ఒక మోకాలు వంచారు, రెండోది వంచారు, అరచెయ్యి నేలకు ఆనించి పెన్సిలు అందుకున్నారు. అందుకుని తల పైకెత్తారు.

చిత్రం లేదు.

అద్దం నిండా తెల్లని వెలుగు. పైకప్పు దీపాల వరస మొత్తం ఆ అద్దంలోకి దిగి, నది మీద, పడవల మీద, మనుషుల మీద సున్నం కొట్టినట్టు పరుచుకుంది. అరచేతిలో గీతల్లా తనకు తెలిసిన బొమ్మ అది. ఆయన మోకాళ్ళ మీదే రెండు బారలు వెనక్కి జరిగారు. ఇంకా వెలుగే. ఇంకో బారెడు జరిగారు. మళ్ళీ వెలుగే.

పక్కనే చిన్న గొంతు. “తాతా, నీకూ కనిపించట్లేదా?”

ఆయన తల తిప్పారు. మనవరాలి కళ్ళూ, ఆయన కళ్ళూ ఒకే ఎత్తులో ఉన్నాయి.

“నీకు... నీకెప్పుడూ ఇలాగేనా?”

“ఊఁ. అన్నిటిలోనూ లైట్లే ఉంటాయి. ఆ రోజు అమ్మ కుక్కని చూడమంది కదా. పరుగెత్తుకుంటూ దగ్గరికెళ్తే తోక కొంచెం కనిపించింది. ముఖం చూద్దామనుకునేసరికి నువ్వు అరిచావు.”

మామగారికి తను రాసిన వాక్యం గుర్తొచ్చింది. జానెడు దూరము వరకు వెళ్ళినది. అక్షరం తేడా లేదు. ఎందుకు వెళ్ళిందో మాత్రం పుస్తకంలో ఎక్కడా లేదు.

మరుక్షణం ఆయన లేచిన తీరు చూసి అత్తగారే భయపడింది. హాలు ఆ చివర, స్తంభం వెనక, పన్నెండు స్విచ్చుల బోర్డు ఉంది. ఆయన అటు పరుగెత్తారు. టోపీ ఎగిరిపడింది, ఆగలేదు.

“తాతా!” పిచ్చుక గొంతు హాలంతా మోగింది. “పరుగెత్తకూడదు!”

ముందు పిల్లలు నవ్వారు, తర్వాత పెద్దలు. ఫోను చూస్తున్న తండ్రి ఫోను జేబులో పెట్టుకున్నాడు.

“ఏమండీ,” డైరెక్టరు గారు గొంతు పెంచారు, “లైట్లు ముట్టుకోవాలంటే రాతపూర్వకంగా అనుమతి ఉండాలి!”

“తెలుసండీ, ఆ రూలు పెట్టమని అడిగింది నేనే. గంట తర్వాత నా మీద నేనే ఫిర్యాదు రాస్తాను. ఇప్పుడు మాత్రం ముందు వరస ఆర్పుతున్నాను.”

టక్. టక్. టక్. ఒక్కో స్విచ్చుకీ అద్దం మీద ఒక్కో తెల్లని పొర జారిపోయింది. కిటికీల నుంచి పక్కవాటుగా వచ్చే పగటి వెలుగు మిగిలింది. ఆ వెలుగులో నది కదిలింది. తెరచాప నిండింది. పడవ అంచు మీద, ముందు కాళ్ళు ఆనించి, చెవులు రిక్కించి...

“కుక్క!”

పద్దెనిమిది గొంతులు ఒక్కసారే అన్నాయి. ఏడుస్తున్న చిన్నది ఏడుపు మధ్యలోనే ఆపి నోరు తెరిచింది.

“కూర్చోండి,” అన్నారు మామగారు రొప్పుతూ. “అందరూ. పెద్దవాళ్ళు కూడా. మీరు నిలబడితే వెనక పిల్లకి మీ వీపే బొమ్మ అవుతుంది. నేల శుభ్రమే, పొద్దున దగ్గరుండి తుడిపించాను.”

ఎవరూ కదల్లేదు. అత్తగారు ముందుకొచ్చి, హాలు నడిమధ్య దర్జాగా చతికిలబడింది. “ఇన్నేళ్ళకి కూర్చోమన్నాడు మహానుభావుడు. మనసు మార్చుకోకముందే కూర్చోండర్రా!”

నవ్వుతూ ఒక్కొక్కరే కూర్చున్నారు. కోడలు మాత్రం నిలబడే ఉంది, కాగితాల దొంతర గుండెకి హత్తుకుని. ఆమె మెల్లగా వంగి, కూతురి పక్కన కూర్చుని, అక్కడి నుంచి హాలును చూసింది. ఇంకా ఆర్పని దీపాల కింద, మిగతా గోడ మీద వరసగా తెల్లని పలకలు. ఎనిమిది ప్రశ్నలు, మూడు వారాలు, అన్నీ తను నిలబడి రాసినవే.

“ఆ కాగితాలు మడిచేయండి,” అంది. “అవి నా ప్రశ్నలు. ఇవాళ మీరడగాలి. పెద్దలు జవాబు చెప్పకూడదు, బొమ్మలో వెతికి చూపించాలి. ఎవరు మొదలుపెడతారు?”

“ఆ పడవ వెళ్తోందా, వస్తోందా?” అన్నాడు కవలల్లో ఒకడు.

“వెళ్తోంది,” అన్నాడు ఫోను తండ్రి. “తెరచాప అటు నిండింది చూడు.”

“అంతా తప్పు,” అంది అత్తగారు. “ఆ తెరచాప మూలన అతుకు చూశారా? పాత గుడ్డ మీద కొత్త గుడ్డ, కుట్టు ఎంత హడావిడిగా పడిందో! నడి నీళ్ళలో చిరిగితే అక్కడే వేసిన అతుకది. దూరం వెళ్ళి తిరిగొస్తున్న పడవ.”

“అయితే కుక్క ఇంటిని చూస్తోంది!” అరిచింది ఏడ్చిన చిన్నది.

“ఎంతమంది తెడ్డు వేస్తున్నారు?”

“ఆరుగురు!”

“కాదు, ఏడు. ఒకడు అలిసిపోయాడు, వంగున్నాడు!”

“మరి వాడికి సాయం చేద్దామా?” అంది కోడలు, తన ముందు లేని తెడ్డును రెండు చేతులా పట్టుకుని.

కవలలు పట్టుకున్నారు. తల్లులు పట్టుకున్నారు. ముందుకు, వెనక్కి, ముందుకు, వెనక్కి. నలభై మంది ఆ చల్లని నేల మీద కూర్చుని, ఒకే ఊపులో నూట యాభై ఏళ్ళ నాటి పడవను ఒడ్డుకు లాగుతున్నారు. ఒక్క కాలు పసుపు గీత దాటలేదు. దాటాలన్న ధ్యాసే ఎవరికీ లేదు.

పిచ్చుక లేచి తలుపు దగ్గరికి నడిచింది. “మీరు నిలబడితే కాదండీ. కిందికి రావాలి.”

డైరెక్టరు గారు అటూ ఇటూ చూశారు. కోటు గుండీ విప్పి, నేల మీద కూర్చుని, పైకి చూశారు. చాలాసేపు చూశారు.

“బోర్డు రాయించి నా గదిలో పెట్టాను,” అన్నారు చివరికి, అందరికీ వినబడేలా. “దాన్ని అటు తిప్పి, వెనక వైపు వేరే మాట రాయిద్దాం. పిల్లల గంట, ప్రతి ఆదివారం. లైట్లన్నీ మార్పిస్తాను. ఎక్కడెక్కడ మార్చాలో ఈయనే కూర్చుని చెబుతారు.”

చప్పట్లు మోగాయి. ఈసారి ‘ష్’ అనడానికి ఎవరూ లేరు. ఆ మాట అనవలసిన మనిషి మనవరాలి వెనక కూర్చుని, టోపీ లేని తలతో, అందరికంటే గట్టిగా చప్పట్లు కొడుతున్నారు.

కోడలు ఆయన పక్కకి జరిగింది. కళ్ళు నిండాయి గాని, ఉదయం నిండినట్టు కాదు.

“అమ్మా,” అన్నారు మామగారు, “చూసింది రాశాననుకున్నాను. నిలబడి చూసింది రాశాను. నిన్నడగలేదు, దాన్నడగలేదు. నాది తప్పు.”

“నేనూ నిలబడే అడిగాను కదా, మామయ్యగారూ. దాని ఎత్తుకి ఒక్కసారి వంగుంటే అదే రోజు తెలిసేది.”

“తల్లి అదుపు చేయలేదని రాశాను...”

“అది మాత్రం నిజమే లెండి,” అంటూ ఏడుస్తూనే నవ్వేసింది. “దీన్ని అదుపు చెయ్యడం ఎవరి తరం?”

ఆయన లేవబోయారు. మోకాళ్ళు ససేమిరా అన్నాయి. “అమ్మాయ్, ఒక చెయ్యివ్వు.” ఒక చెయ్యి కోడలు పట్టుకుంది, ఒక చెయ్యి మనవరాలు పట్టుకుంది. వెనక నుంచి అత్తగారు “హైలెస్సా!” అని తోసింది. పిల్లలందరూ అందుకున్నారు. ఆ అరుపుల మధ్య ఆయన లేచి నిలబడ్డారు.

“తాతగారూ,” అన్నాడు కవలల్లో రెండోవాడు, ఆయన చొక్కా అంచు లాగి, “పక్క గదిలో ఏముంది?”

“గుర్రాలు.”

“మాకు కనిపిస్తాయా?”

ఇరవై ఎనిమిదేళ్ళుగా రోజుకు పదిసార్లు ఆ గుర్రాల ముందు నడిచిన మనిషి ఒక్క క్షణం ఆలోచించారు.

“ఏమో నాన్నా, నాకు తెలియదు,” అన్నారు. “పదండి. కూర్చుని చూద్దాం.”