వరదానం గొంతు

"యుద్ధం అంటే ఏమిటోయ్?"

ఏ ఏజెంటుకి ఏ పని అప్పజెప్పినా కోదండరామయ్య ముందు ఈ ప్రశ్న వేస్తాడు. ఆయన రిటైర్డ్ కల్నల్. ఏలూరు జనానికి మాత్రం చేపల మేత డీలరు. కింద షాపులో బస్తాలు, పైన మేడ మీద స్క్రీన్లు, శాటిలైట్ ఫోన్లు. దేశరక్షణ కోసం ఆ మెట్లెక్కిన ప్రతివాడూ ఒంటినిండా తవుడు వాసనతో దిగాల్సిందే.

"తెలీదండి," అన్నాడు ఏజెంట్ నెహెమ్యా.

"నాకూ తెలీడం లేదు. స్టాఫ్ కాలేజీ వాళ్ళు పేపర్ రాయమన్నారు. 'ఆధునిక యుద్ధం: నిర్వచనం' అని హెడ్డింగ్ పెట్టి కూర్చున్నాను. కింద ఒక్క ముక్క పడితే ఒట్టు." కళ్ళద్దాలు తుడుచుకున్నాడు. "పూర్వం శత్రువు కోట గోడ కొట్టేవాడు. తరవాత సైన్యాన్ని కొట్టాడు. ఆ తరవాత ఫ్యాక్టరీలు, వంతెనలు, కరెంటు. ఇప్పుడు వాడికి అవేం అక్కర్లేదు. మన జనం ఎవరి మాట నమ్ముతారో కనుక్కుంటాడు. ఆ మాటనే మన మీదికి తోలతాడు."

స్క్రీన్ మీద ఒక ముఖం వెలిగింది. నెరిసిన మీసం, నుదుటి మీద ఎండకి కమిలిన గీత.

"వరదానం. కైకలూరు అవతల గుమ్మళ్ళలంక. రొయ్యల రైతు, చర్చి సంఘ పెద్ద. ఆ ఊళ్ళో ఆయన మాటంటే మాటే. సరిహద్దు అవతల నుంచి నడిచే ముఠా ఒకటుంది, కోడ్‌నేమ్ పెలికాన్. వాళ్ళకి ఈయన గొంతు కావాలి. నువ్వు వెళ్ళి ఆ గొంతు రికార్డ్ చేసి తీసుకురా. మనమే వాళ్ళకి ఇస్తాం."

"మనమే ఇవ్వడమేంటి సార్?"

"వాళ్ళలో మన మనిషి ఉంది, సిల్వియా. ఇది పట్టుకెళితేనే ఆమెని లోపలి గదిలోకి రానిస్తారు. ఆ గొంతు ఎప్పుడు, ఎందుకు వాడబోతున్నారో ఆమె కనుక్కుంటుంది. ముఠా మొత్తం దొరుకుతుంది."

"ఆయనకి ఒక మాట చెబుదామా అండి?"

"చెబితే గొంతులో తేడా వచ్చేస్తుంది. వద్దు," అన్నాడు కల్నల్. ఎంత తేలిగ్గా అన్నాడో!

నెహెమ్యా మేత కంపెనీ టెక్నీషియన్ వేషంలో గుమ్మళ్ళలంకలో దిగాడు. ఉద్యోగం దొంగది, పేరు మాత్రం అసలుదే. దొంగ పేరు పెట్టుకుంటే ఆ ఊళ్ళో మొదటి ఆదివారం కూడా దాటలేడు. "మీది ఏ సంఘమండీ? మీ నాన్నగారెవరండీ?" అంటూ నాలుగు తరాలు బయటికి లాగేస్తారు. మాది ముదినేపల్లి అని చెప్పగానే వరదానం మొహం విప్పారింది.

"అయితే మనవాళ్ళేనండి! లాడ్జీలో ఉండడమేంటండీ, అప్రదిష్ట. మా ఇంట్లో ముందుగది ఖాళీయే."

అలా శత్రువు చెయ్యాల్సిన పని చెయ్యడానికి మన ఏజెంటు ఆ ఇంట్లో మంచం వేసుకున్నాడు. చెరువులో ఆక్సిజన్ కొలిచే మీటరు ఎప్పుడూ అతని చేతిలో ఉండేది. ముందువైపు అంకెలు కనబడేవి. వెనకవైపు మైకు, ట్రాన్స్‌మిటర్. గట్టు మీద నడుస్తూ వరదానం మాట్లాడేవాడు, మీటరు వినేది. చెరువు లీజు, మేత ధర, తణుకులో ఉండే కూతురు పెర్సిస్, ముసురు పట్టిన రోజు నీళ్ళలో గాలి తగ్గిపోయి రొయ్య పైకి తేలడం, అన్నీ చెప్పేవాడు.

"అప్పుడు చర్చి గంట కొడతారండి. వేళకాని వేళ గంట మోగిందంటే ఎవరిదో చెరువు తేలిందని అర్థం. ఎక్కడివాళ్ళక్కడ పనులు వదిలేసి వలలు పట్టుకుని పరిగెత్తాల్సిందే. పగోడి చెరువైనా సరేనండి. నేను మాటల్లేని వాళ్ళ చెరువులో కూడా దిగాను."

రాత్రి భోజనాల ముందు వరదానం ప్రార్థన చేశాడు. "పరాయి ఊరొచ్చి కష్టపడుతున్న మా నెహెమ్యా బాబుని కాయండి తండ్రీ," అన్నాడు. మీటరు బల్ల మీదే ఉంది. అది కూడా రికార్డయింది. తీసేద్దామనుకున్నాడు గానీ గొంతు బాగా స్పష్టంగా పడింది అందులోనే. తన మీద తనకి అసహ్యం వేసింది. అయినా తియ్యలేదు.

తాడేపల్లిగూడెంలో స్టేషన్ దగ్గరి హోటల్లో సిల్వియాని కలిశాడు. పైకి ఆమె సీఫుడ్ ఎక్స్‌పోర్ట్ కంపెనీ బయ్యర్. తెల్ల పాంటు సూటు, చెవులకి ముత్యాలు, తలమీదికి తోసిన నల్ల కళ్ళద్దాలు. సర్వర్లు ముగ్గురూ ఆ టేబుల్ దగ్గరే తచ్చాడుతున్నారు.

"ఉల్లిపాయలు బాగా ఎండాయా అండి?" అన్నాడు.

"ఎండాయి గానీ మొలకలొచ్చాయి," అందామె. కోడ్ సరిపోయింది.

రొయ్యల మేత శాంపిల్ ప్యాకెట్ ఆమె ముందుకి జరిపాడు. అందులో చిప్ ఉంది. ఆమె ప్యాకెట్ హ్యాండ్‌బ్యాగులో వేసుకుని అతని మొహంలోకి చూసింది.

"వాళ్ళింట్లోనే తింటున్నారటగా?"

నెహెమ్యా నీళ్ళ గ్లాసు అందుకున్నాడు.

"నేను రెండు వైపులా జీతం తీసుకుంటానండీ, ఆ సంగతి అందరికీ తెలుసు. నాకు సిగ్గు లేదు. మీకుంది. ఈ ఉద్యోగంలో అది ఇబ్బంది," అంటూ లేచింది. "పని ముదిరితే ఫోన్ చేస్తాను. 'ఐసు కరిగింది' అంటే టైం లేదని అర్థం."

తరవాతి వారం వరదానం కంటి ఆపరేషన్‌కి తణుకు బయల్దేరాడు. పెర్సిస్ అక్కడే ఉంది కాబట్టి చూసుకుంటుంది. బయల్దేరే ముందు నెహెమ్యాని చెరువు దగ్గరికి తీసుకెళ్ళి, నీళ్ళు చిమ్ముతూ చెరువుకి గాలి పట్టించే ఏరియేటర్ల వైపు చెయ్యి చూపించాడు.

"రొయ్య పట్టుబడి దగ్గరికొచ్చేసిందండి. మా ఆవిడ హన్నమ్మకి మోటార్ల సంగతి తెలీదు. చెరువు మీకప్పజెబుతున్నాను. మీరున్నారన్న ధైర్యంతోనే వెళ్తున్నానండి."

"అలాగేనండి," అన్నాడు నెహెమ్యా. ఇంకేమంటాడు?

ముసురు పట్టిన తెల్లవారుజామున ఊరంతా ఒకేసారి ఫోన్లు మోగాయి. వాయిస్ మెసేజ్. వరదానం గొంతే. అదే నెమ్మది, ప్రతి మాట చివరా అదే 'అండి'.

"నేను వరదానాన్ని మాట్లాడుతున్నానండి. గట్లు కొట్టే మిషన్లు టార్పాలిన్లు కప్పి రైలు మీద తెస్తున్నారండి. మన రైల్వే గేటు మీదుగానే వస్తుంది. ఆడా మగా అందరూ పట్టాల మీద కూర్చోండి. రైలు ఆగాలండి."

ఒకప్పుడు సర్కారు చెరువుల గట్లు కొట్టించిన రోజులు ఆ ఊరు మరిచిపోలేదు. లంకలో పుట్టినవాడికి తుపానన్నా అంత భయం ఉండదు. చీకటి విడేసరికి ఇళ్ళన్నీ ఖాళీ. హన్నమ్మ కొంగు బిగించి బయల్దేరింది. నెహెమ్యా గుమ్మంలో అడ్డం నిలబడ్డాడు.

"వెళ్ళకండి అమ్మగారూ. అది ఆయన గొంతు కాదండి. కంప్యూటర్‌తో చేసింది."

హన్నమ్మ అతన్ని ఎగాదిగా చూసింది. "ముప్పయ్యేళ్ళ కాపురమండి. నా మొగుడి గొంతు నాకు తెలీదా?"

"ఒక్కసారి ఆయనకి ఫోన్ చెయ్యండి."

"చేశానండి. ఆయనదీ కలవట్లేదు, పెర్సిస్‌దీ కలవట్లేదు. ఆసుపత్రిలో ఫోన్లు కట్టేసుకుంటారు కదండీ! తప్పుకోండి బాబూ." వెళ్ళిపోయింది.

అప్పుడు మోగింది అతని ఫోను.

"ఐసు కరిగింది," అంది సిల్వియా. "ఆ రైల్లో వచ్చేవి గట్లు కొట్టే మిషన్లు కాదండీ, మన ఆర్మీ రాడార్లు. ఎవరి కంటా పడకూడదని మెయిన్ లైన్ వదిలేసి కైకలూరు లైన్లో పంపుతున్నారు. రైలు ఆగగానే ఐసు వ్యాన్లలోంచి డ్రోన్లు లేస్తాయి. చెరువులకి మందు కొట్టే డ్రోన్లే, బాంబులు కట్టారు. రాడార్లూ పోతాయి, పట్టాల మీది జనమూ పోతారు. జనాన్ని ఆర్మీయే చంపిందని వీడియో ముందే తయారుచేసి పెట్టుకున్నారు." లైన్ తెగిపోయింది.

నెహెమ్యా మీటరు వెనక మీట నొక్కి, సిల్వియా చెప్పిందంతా గబగబా చెప్పేశాడు. "సార్, రైలు ఆపించండి!"

"ఎక్కడ ఆపితే అక్కడే డ్రోన్లు లేపుతారయ్యా," అన్నాడు ఏలూరు నుంచి కల్నల్. "వ్యాన్లెన్నో, ఎక్కడున్నాయో తెలీదు. కదిలే రైలుని ఆ డ్రోన్లు పట్టలేవు. అది ఆగకూడదు."

"పోలీసులు?"

"ఖాకీ కనబడితే వరదానం చెప్పింది నిజమేనని ఇంకా గట్టిగా కూర్చుంటారు. రైలు గుడివాడ దాటింది. జనాన్ని నువ్వే లేపాలి. ఎలాగైనా సరే."

ఎలా? ఆ జనాన్ని వరదానం మాట మీద కూర్చోబెట్టారు. అంతకన్నా పెద్ద మాట ఆ ఊళ్ళో ఒక్కటే ఉంది. అది గంట.

ఉత్తి గంట కొడితే చాలదు. పరిగెత్తుకొచ్చి చూసి, చెరువు నిక్షేపంగా ఉంటే, తిట్టుకుంటూ మళ్ళీ పట్టాల మీదికే పోతారు. చెరువు నిజంగా తేలాలి. ఎవరి చెరువు? తాళాలు తన జేబులో ఉన్నది ఒక్కటే.

షెడ్డులోకి వెళ్ళాడు. మెయిన్ దించాడు. ఫ్యూజులు పీకి కాలవలో విసిరేశాడు. ఏరియేటర్లు ఒక్కొక్కటే తిరిగి తిరిగి ఆగాయి. ఇన్నాళ్ళూ అలవాటైపోయిన ఆ చప్పుడు పోయేసరికి చెరువంతా నిశ్శబ్దం. మీటరు నీళ్ళలో ముంచాడు. అంకె దిగింది. మళ్ళీ దిగింది. పైన మబ్బు, కింద కిక్కిరిసిన రొయ్య, ఎంతసేపు పడుతుంది? కాసేపటికి గట్టు పక్కన మీసాలు కనబడ్డాయి. ఆ తరవాత వందలు, వేలు, చెరువంతా ఊపిరాడక పైకొచ్చి కొట్టుకోవడం మొదలెట్టింది.

"మీరున్నారన్న ధైర్యంతోనే" అన్న మాట చెవిలో గింగురుమంటోంది. ఛీ, ఏం బతుకురా నీది అనుకుంటూ చర్చికి పరిగెత్తి గంట తాడు పట్టుకున్నాడు. అరచేతులు బొబ్బలెక్కేదాకా కొట్టాడు.

గేటు దగ్గర పట్టాల మీద జనం తలలు తిప్పారు. "వరదానంగారి చెరువు తేలిందండోయ్!" అంటూ గంట వదిలి పరిగెత్తుకొస్తున్న నెహెమ్యా కేక వినబడింది. దూరంగా ఇంజన్ లైటు కూడా కనబడుతోంది. ఒక్క క్షణం ఎవరూ కదల్లేదు. ముందు వరసలో కూర్చున్న హన్నమ్మే మొదట లేచింది.

"మిషన్ల సంగతి తరవాత చూద్దాం, రండయ్యా! చెరువు పోతోంది!"

అంతే. ఊరంతా పట్టాలు దిగి చెరువు వైపు పరిగెత్తింది. చివరి ముసలాయన చేతికర్ర పట్టాల మీదే వదిలేసి దిగాడు. మరుక్షణం టార్పాలిన్లు కప్పిన రైలు హారన్ కొడుతూ, వేగం తగ్గకుండా గేటు దాటింది. ఆ కర్ర రెండు ముక్కలైంది. గేటు అవతల ఐసు వ్యాను వెనక తలుపు సగం తెరుచుకుని, రైలు ఆగకపోయేసరికి ఏం చెయ్యాలో తెలీక అలాగే ఉండిపోయింది. ఆ తెరిచిన తలుపే కల్నల్ మనుషులకి ఆనవాలైంది. అక్కడ దొరికిన ఫోన్లతో మిగతా వ్యాన్లూ, ముఠా తలకాయలూ మధ్యాహ్నానికల్లా పట్టుబడ్డాయి. సిల్వియా మాత్రం దొరకలేదు. ఎవరి వైపునుంచి పారిపోయిందో ఇప్పటికీ ఎవరూ తేల్చలేకపోయారు.

ఊరు మొత్తం చెరువులో మొలలోతుకి దిగింది. మాటల్లేని వాళ్ళు జనరేటర్ మోసుకొచ్చారు. సగం దక్కింది, సగం పోయింది. హన్నమ్మ తడి చీరతో గట్టు మీదికొచ్చి నెహెమ్యా బొబ్బల చేతులు పట్టుకుంది.

"మీరు గంట కొట్టబట్టి సగమైనా మిగిలిందండి. ఆయన మిమ్మల్ని నమ్మి అప్పజెప్పినందుకు మా పరువు నిలబెట్టారు బాబూ."

కన్నం దొరికితే దూరిపోవాలనిపించింది అతనికి. చేతులు వెనక్కి లాక్కోలేకపోయాడు.

వరదానం కంటికి కట్టుతో తిరిగొచ్చాడు. చెరువు చూసి పెద్దగా ఏమీ అనలేదు. ఊళ్ళోవాళ్ళు అన్న మాటకే కుంగిపోయాడు. రైలెళ్ళింది, మిషన్లూ రాలేదు, గట్లూ తెగలేదు. "మెసేజ్ పెట్టి ఊరంతటినీ పట్టాల మీద కూర్చోబెట్టి, ఇప్పుడు నేను కాదంటారేంటండీ?" అని మొహమ్మీదే అడిగారు. ఆ ఆదివారం చర్చిలో ప్రకటనలు వేరే ఆయన చదివాడు. వరదానం వెనక బల్ల మీద కూర్చున్నాడు.

నెహెమ్యా చాటుగా కల్నల్‌కి ఫోన్ చేశాడు. "అది దొంగ గొంతని ఊరికి చెప్పేద్దాం సార్."

"చెబితే అసలు గొంతు ఎవరిచ్చారని అడుగుతారు. నోరు మూసుకుని వచ్చెయ్," అన్నాడాయన.

బయల్దేరేరోజు హన్నమ్మ రొయ్యల కూర వండింది. దక్కిన సగంలోంచి ఏరి ఏరి పెద్దవే తెచ్చింది. వరదానం పక్కన కూర్చుని అతని విస్తట్లోకి చూస్తూ అడిగాడు.

"ఏవండీ, మా ఆవిడ కూడా నమ్మట్లేదు. ఆ మెసేజ్‌లో గొంతు నాది కాదండి. దేవుడి తోడు. మీరైనా నమ్ముతారా?"

"నమ్ముతానండి."

"మీరొక్కరేనండి ఈ ఊళ్ళో," అన్నాడు వరదానం. కట్టు కింది నుంచి నీరు కారింది. "కంట్లో తడి రాకూడదన్నారండి డాక్టరుగారు," అంటూ కండువాతో ఒత్తుకున్నాడు. "తినండి, ఇంకాస్త వెయ్యవే అబ్బాయికి."

నెహెమ్యా విస్తరిలో ఉన్నదంతా తిన్నాడు.

ఏలూరు మేడ మీద కల్నల్ అతని భుజం తట్టి, ఢిల్లీ మెచ్చుకుందని చెప్పి, కాగితం ముందుకి లాక్కున్నాడు. హెడ్డింగ్ కింద ఇంకా ఖాళీయే.

"ఏమైనా తట్టిందా?"

"రాసుకోండి సార్. ఆధునిక యుద్ధం అంటే, గెలిచినవాడు తను కాపాడిన మనిషి మొహం చూడలేని యుద్ధం."

కోదండరామయ్య పెన్ను మూత తీసి, మళ్ళీ పెట్టేశాడు. చివరికి కాగితం మడిచి డ్రాయర్లో పడేసి, "లంచ్‌కి రొయ్యల బిర్యానీ చెప్పనా?" అన్నాడు.

డిపార్ట్‌మెంట్ హెల్త్ ఫైల్లో ఆ రోజు నుంచి ఏజెంట్ నెహెమ్యాకి రొయ్యలు పడవని ఉంది. ఒంటి మీద మచ్చ కూడా లేని ఈ ఎలర్జీ ఏమిటో డాక్టర్లకి ఇప్పటికీ అంతుబట్టలేదు.