కొండబల్లి అరుపు

నాచారంలో రైలు పట్టాల వైపు పోయే దారిలో మూతపడ్డ సినిమా హాలు ఒకటుంది. చీకటి పడ్డాక దాని గేటు ముందు నుంచి ఎవరూ నడవరు. ఉప్పల్ నుంచి వచ్చే ఆటోవాళ్లు కూడా చుట్టు తిరిగి పోతారు. లోపల ఏదో అరుస్తుందంటారు. మనిషి అరుపు కాదు, కుక్కదీ కాదు... ఇంకేదో. రాగి వైర్ల కోసం గోడ దూకిన దొంగ ఒకడు చెప్పులు వదిలేసి ఉరికాడట.

అలాంటి చోటికి నా బామ్మర్ది ఎబినేజర్ రాత్రిపూట ఒక్కడే వెళ్లాడు. ఎందుకో వింటే మీకూ ఒళ్లు మండుతుంది. ఒక బల్లి కోసం!

పగలు చర్లపల్లిలో ఫ్యాక్టరీ పని. ఇంటికొచ్చాక పాత రాకాసి సినిమాలు ఎక్కడెక్కడివో వెతికి, గీతలు మరకలు తుడిచి తన ఛానల్లో పెట్టడం. రబ్బరు తొడుగులో మనిషి దూరి అట్టపెట్టెల ఊరిని తొక్కే సినిమాలు... వాటిని చూసేదెవరని నేను నవ్వేవాణ్ని. చూస్తున్నారు. లక్షలమంది చూస్తున్నారు.

వాటిలో వాడి ప్రాణం ‘కొండబల్లి’. ఉప్పల్లో ఒక సినిమా హాలు ఆపరేటర్ ఇంటి అటక మీద రీళ్లు దొరికాయి. చివరి రీలు మాత్రం పుల్లటి వాసన కొడుతూ ముద్దలా అతుక్కుపోయింది. మిగిలింది పెట్టాడు. ఇక చూడాలి కామెంట్లు — “క్లైమాక్స్ ఏదన్నా?” “బల్లి సచ్చిందా లేదా?” “సగం సినిమా పెట్టుడేందిరా?” వీడు తిండి మానేసి అందరికీ జవాబులు రాసేవాడు.

అంతలో ఆ సినిమా హక్కులు కొన్నామంటూ ఒక కంపెనీ ఫిర్యాదు చేసి దాన్ని తీయించింది. మళ్లీ పెట్టాడు. మళ్లీ తీయించింది. మూడో ఫిర్యాదు వస్తే ఛానల్ మొత్తం పోతుంది.

“వాళ్ల దగ్గర ప్రింటే లేదు బావా! సినిమా మాటలు, అరుపులున్న పాత క్యాసెట్ ఒక్కటే ఉంది. వాళ్లు సూపియ్యరు, నన్ను సూపియ్యనియ్యరు. జనం ఇగ మర్సిపోవాల్నా?” అని నా మీద అరిచాడు. నేనేదో ఆ కంపెనీ ఓనర్నయినట్టు.

ఆ సినిమా ఆఖరిసారి ఆడింది నాచారం హాల్లోనే. ప్రొజెక్టర్ గదిలో ఇంకో రీలేదైనా పడి ఉంటుందని వాడి ఆశ.

లోపల విరిగిన కుర్చీలు, పావురాల కంపు. ఫోన్ లైటు పట్టుకుని మెట్లెక్కుతున్నాడు... తెర వెనక నుంచి అరుపు వచ్చింది.

వాడు మెట్ల మీదే ఆగిపోయాడు. అయినా ఉరకలేదు. ఎందుకంటే — ఆ అరుపు వాడికి తెలుసు. సినిమా బాగుచేస్తూ ఎన్ని రాత్రులు విన్నాడో!

అది కొండబల్లి అరుపు.

మళ్లీ వచ్చింది... ఈసారి దగ్గరగా.

“ఎవరు?” అన్నాడు.

అరుపు ఆగింది. దగ్గు వినబడింది.

“వైర్ల కోసమొచ్చినవా కొడుకా? ఏం మిగల్లే, పో.”

కర్ర ఆనించుకుంటూ ఒక ముసలాయన బయటికొచ్చాడు. పేరు జ్ఞానయ్య, రాత్రి వాచ్‌మన్. “కర్రకు ఎవ్వడు భయపడ్తలేడు. గిట్ల అరిస్తే ఉరుకుతున్నరు,” అన్నాడు.

ఎబినేజర్‌కి నవ్వాలో ఏడవాలో తెలియలేదు. గుసగుసగా అడిగాడు. “తాతా... ఆ బల్లి ఆఖరికి సచ్చిందా?”

“సావదు. సచ్చిపోయిన తన పిల్లను నోట కరుసుకొని చెరువుల దిగుతది. మునిగే ముంగట ఊరి దిక్కు తిరిగి ఒక్కసారి అరుస్తది. గంతే.”

ఇన్నేళ్లు ఎవరికీ దొరకని ముగింపు! ఆయనకెలా తెలుసని అడగడం కూడా మరిచిపోయాడు మావాడు. చిరిగిన తెర ముందు ఆయన్ని నిలబెట్టి, చివరి రీలంతా నటింపజేసి ఫోన్లో తీశాడు.

“ఇందుల వాళ్ల సినిమా బొమ్మ ఒక్కటి లేదు బావా. ఎవడేం జేస్తడు?” అని ధీమాగా ఛానల్లో పెట్టాడు. తెల్లారేసరికి వేలమంది చూసేశారు. నేనూ చూశాను. నిజం చెప్పొద్దూ, ఆ చివరి అరుపుకి నా రోమాలు నిక్కబొడుచుకున్నాయి.

మధ్యాహ్నం మూడో ఫిర్యాదు వచ్చింది. ఛానల్ పోయింది. అన్ని సినిమాలూ, వాడి అన్ని రాత్రులూ... ఒక్క దెబ్బకి పోయాయి. వీడియోలో ఉన్న అరుపు కంపెనీ క్యాసెట్లోని అరుపుతో అచ్చంగా సరిపోయిందట. కనిపెట్టింది మనిషి కూడా కాదు, కంప్యూటర్.

చీకటి పడగానే ఎబినేజర్ హాలుకి పరిగెత్తాడు. వెనకే నేను. గేటు దగ్గరే ముసలాయన మీద పడ్డాడు.

“నీ అరుపు వాళ్లదంట తాతా! గంత అచ్చంగ ఎందుకు అరిసినవ్? జర మార్చి అరవరాదా?”

జ్ఞానయ్య అర్థం కానట్టు చూశాడు.

“ఎట్ల మారుస్త కొడుకా? స్టూడియోల కూలికి పోతుంటి. బల్లి అరుపు ఎవ్వనికి కుదురుతలేదని నన్ను మైకు ముంగట నిలబెట్టిన్రు. అప్పుడే మా చిన్నపిల్ల మరియమ్మను బొంద పెట్టొచ్చిన. అరవుమన్నరు. నాకు ఏడుపొక్కటే వచ్చింది...”

కర్ర గేటుకి ఆనించాడు.

“గదే పెట్టుకున్నరు.”