విసుగెత్తే కన్ను

ఊరి గోడలు మంచులో కరిగిపోయి, మళ్లీ ఒక్కొక్కటే తేలే వేళకి కోదండం గంజి గిన్నె పట్టుకుని గుట్ట ఎదుటి బండ దగ్గరికి వెళ్లేవాడు. బండమీద కూర్చున్న భార్య సువర్చల చేయి చాపి అందుకునేది. ముఖం మాత్రం తిప్పేది కాదు.

"ఉప్పు సరిపోయిందా?"

"సరిపోయిందండీ."

"నా వంక చూసి చెప్పొచ్చుగా."

"బాగుంది వరస. గుట్ట ఏమైపోవాలి మరి?"

తుహిన గ్రహం మీద మనుషులు దిగి ఆరు తరాలైంది. అక్కడి మంచు పక్కనున్న మనిషిని కూడా పాలలో పంచదారలా కలిపేసుకుంటుంది. దిగిన కొత్తలో ఇవాళ చూసిన చెరువు రేపు కనబడక జనం బెంబేలెత్తిపోయారు. అప్పుడు ఆదిచూపరి అనే ఆయన ఈ బండమీద కూర్చుని, గుట్టకేసి చూస్తూ చూస్తూ ఒక దర్శనం చెప్పాడు. ఎవరో ఒకరు చూస్తున్నంత సేపే ఏదైనా ఉంటుందట. కన్ను వదిలిందా, లోకమూ వదిలిపోతుందట. దాన్నే నిలుపుచూపు అన్నారు. నిలబెట్టాల్సినవాటిని ఇంటికొకటి చొప్పున పంచారు. వాగు ఒకరికి, వంతెన ఒకరికి, పొద్దుగుంకే దిక్కు ఇంకొకరికి. కోదండం ఇంటికి గుట్ట పడింది. పగలంతా ఇంటి ఇల్లాలు చూడాలి. రాత్రిపూట లాంతరు పెట్టుకుని చూసే వంతు మరో ఇంటిది.

ఇంటికొచ్చాక ఆ కళ్లని తెల్లారేదాకా తడిగుడ్డ కింద పడుకోబెట్టాలన్నది నియమం. అన్నం కూడా తడుముకునే తినేది సువర్చల. పెళ్లినాడు అడ్డుతెర తీసినప్పుడు చూసుకున్న ఆ ఒక్క చూపుతోనే కోదండం ఇన్నాళ్లూ కాపురం లాక్కొస్తున్నాడు. ఇప్పుడు అతని జుట్టు సగం నెరిసింది. ఆ సంగతి ఆమెకి తెలుసో తెలియదో.

లెన్సులు తయారుచేసే శాస్త్రజ్ఞుడికి ఇంతకన్నా పెద్ద బాధ ఏముంటుంది? కూర్చుని, ఆమె బదులు గుట్టని చూసే నిలుపుకన్ను అనే యంత్రం తయారుచేశాడు. మూడు కాళ్లు, పొడుగాటి మెడ, మంచు వెనకాల ఉన్న వేడిని పసిగట్టే సెన్సారు. ఎవరు ఏది చూడాలో తేల్చే దర్శన పీఠానికి మోసుకెళ్లాడు. పీఠం పెద్ద పూర్ణచంద్రయ్య దాని చుట్టూ ఓసారి తిరిగి పెదవి విరిచాడు.

"అద్దంలోనూ గుట్ట పడుతుంది కదరా. అద్దం చూస్తోందంటావా?"

"ఇది గుర్తుపడుతుంది తాతగారూ."

"పడితే? లేచి పోవాలని ప్రాణం కొట్టుకుంటున్నా లేవకుండా చూస్తావే, అదీ చూపు. నీ డబ్బాకి విసుగొస్తుందా? రాదుగా. తీసుకుపో."

కోదండం తీసుకుపోయాడు. మళ్లీ పీఠానికి తెచ్చేనాటికి దాని మెడలో విసుగుచక్రం బిగించాడు. చూసిన బొమ్మే మళ్లీ చూసినకొద్దీ ఆ చక్రంలో ఒత్తిడి పెరుగుతుంది, మోటారు మెడని పక్కకి లాగుతుంది. పట్టుతీగ అనే ఇంకో సర్క్యూటు దాన్ని వెనక్కి గుంజుతుంది. ఈ రెండింటి పెనుగులాటే దానికి చూపు.

పెద్దాయన యంత్రాన్ని గుట్టవైపు తిప్పించి పక్కన చతికిలబడ్డాడు.

"ఏం చూస్తున్నావే?"

"గుట్ట."

"ఇంకా?"

"గుట్టే."

"ఎలా ఉంది?"

యంత్రం మెడ కిర్రుమంది. "లేచి పోవాలని ఉంది."

పీఠం పీఠమంతా పగలబడి నవ్వింది. "మనలో ఒక్కడికీ ఇంత నిజం చెప్పే దమ్ములేదు కదరా," అని కళ్లు తుడుచుకుంటూ పూర్ణచంద్రయ్య ఒప్పేసుకున్నాడు.

మర్నాడు నిలుపుకన్నుని బండమీద బిగించగానే సువర్చల దిగింది. కోదండం నున్నగా గడ్డం గీసుకుని, కొత్త కండువా వేసుకుని ఎదురుగా నిలబడ్డాడు.

"ఇప్పుడు చూడు," అన్నాడు.

చూసింది.

గుట్టని నిలబెట్టిన చూపు అది. తొందర ఎరగదు, రెప్ప వాల్చదు. అడుగునుంచి మొదలుపెట్టి నింపాదిగా పైకెక్కింది. పగిలిన మడమలు, కండువా అంచు నలుపుతున్న చేతులు, పెదాలమీద తెచ్చిపెట్టుకున్న నవ్వు, ఆ నవ్వు వెనకాల భయం. అక్కడ ఆగింది. అందులో కోపం లేదు, మురిపెమూ లేదు. ఉన్నది ఉన్నట్టు చూడటమే ఉంది. కోదండానికి ముచ్చెమటలు పోశాయి.

"ఇలా ఉన్నారా మీరు!" అంది సువర్చల, కలలో మనిషిలా.

"చాల్లే, ఇక పద."

"ఇప్పుడేగా మొదలెట్టాను."

అన్నం తింటుంటే చూసింది. అబద్ధం ఆడబోతే, ఆడకముందే చూసింది. పడుకోబోతూ, "గుడ్డ వేసుకోవే," అని బతిమాలాడు.

"ఎందుకండీ? అలసట లేదుగా. ఆ మూల ముడుచుకుని పడుకుంటారే, ఎవరైనా కొడతారని భయమా?"

"నీకెందుకు?"

"అడిగి మరీ చూపించుకున్నారు కదండీ. తీరా చూస్తే దాక్కుంటారేం?"

నాలుగు రోజులకి కోదండానికి అన్నం సహించడం మానేసింది. అయిదోనాడు, "యంత్రానికి చెమ్మ పట్టినట్టుంది, గుట్ట ఎలా ఉందో ఏమో," అని గొణుక్కుంటూ ఇల్లు కదిలాడు. మరలు విప్పి, నిలుపుకన్నుని బండమీంచి దించి పక్కన పెట్టాడు.

"అమ్మయ్య," అంది యంత్రం.

కోదండం బండ ఎక్కి కూర్చున్నాడు. ఎదురుగా గుట్ట. మంచులో సగం మునిగి, ఏమీ అడగకుండా, ఏమీ కనిపెట్టకుండా ఎంత చల్లగా ఉందో! గుండె కుదుటపడింది. వెనకాల అడుగుల చప్పుడు వచ్చి ఆగింది. వీపుమీద ఆ చూపు వాలడం తెలుస్తూనే ఉంది.

"ఏవండీ," అని పిలిచింది సువర్చల. "ఒక్కసారి ఇటు తిరగండి."

అతను తిరగలేదు.

ఆదిచూపరి ఈ బండమీద ఎటు తిరిగి కూర్చున్నాడో, ఎంతసేపు కన్నార్పలేదో దర్శన గ్రంథాల్లో వివరంగా రాసిపెట్టారు. ఆయన వెనకాల ఎవరు నిలబడి ఉన్నారో మాత్రం ఎవరూ రాయలేదు.