ఒంటికంతా పిండికట్టు

పద్దెనిమిదేళ్ల కిందటి మాట. అప్పట్లో ఆస్పత్రిలో విరిగిన ఎముకలకు పిండికట్లు వేసేవాణ్ణి. ఒక వాన మధ్యాహ్నం, తడిసి ముద్దయిన ఒక అమ్మాయి కట్ల గదిలోకొచ్చి బల్లమీద కూర్చుంది.

“ఎక్కడ విరిగిందండీ?”

“ఎక్కడా విరగలేదు. మెడ నుంచి మడమల దాకా కట్టెయ్యాలి.”

“డాక్టరుగారు రాసిచ్చారా?”

“డాక్టరెందుకు? నేను ఆర్టిస్టుని.”

“బొమ్మలేస్తారా?”

“నా ఒళ్లే నా బొమ్మ.”

నాకు నవ్వాగలేదు. ఆమెకు కోపమాగలేదు. విసురుగా లేచి, తలుపు దగ్గర ఆగింది.

“చిన్నప్పట్నుంచీ అందరూ ముందు నా నలుపే చూశారు. మా అమ్మయితే పౌడరు మెత్తకుండా ఒక్క ఫోటో తీయించలేదు. ఆ తెలుపంతా ఒంటికి తొడుక్కుని స్టేజీ మీద నిలబడతా. చూసేవాళ్లే దాన్ని ఊడదీయాలి. అదీ నా షో. ఇప్పుడు నవ్వండి.”

నవ్వలేదు. ఆదివారం రిహార్సల్‌కి వస్తానన్నాను.

నాలుగు ఆదివారాలు వెళ్లాను.

“చేతులు వణుకుతున్నాయేంటండీ?” అనేది, నేను పిండిపట్టీలు నీళ్లలో తడుపుతుంటే.

“నీళ్లు చల్లగా ఉన్నాయండీ.”

“వేణ్ణీళ్లేగా పోశాను!”

షో రోజు హాల్లో వందమంది దాకా ఉన్నారు. ముఖం వదిలేసి మిగతా అంతా కట్టు వేశాను. చేత్తో లాగితే ఊడొచ్చేలా గాట్లు పెట్టాను. “ఒక్కో ముక్క తీయండి” అని బోర్డు పెట్టాం.

పది నిమిషాలు. ఇరవై నిమిషాలు. ఒక్కరూ లేవలేదు. ఎవరో ఫోటో తీసుకున్నారు, అంతే.

కట్టు ఆరేకొద్దీ బిగుస్తుంది. ఆమె ఊపిరి చిన్నచిన్నగా తీస్తోంది. కళ్లు రెండుసార్లు గట్టిగా మూస్తే నేను కత్తెరతో వెళ్లాలని ముందే అనుకున్నాం. మూయడం లేదు, మొండిది! ఆగలేక లేచాను.

సరిగ్గా అప్పుడే చివరి వరుసలోంచి ఒక పెద్దావిడ నడిచొచ్చింది. రానని తెగేసి చెప్పిన వాళ్లమ్మ.

“ఎక్కడ పట్టుకుని లాగాలి బాబూ? దానికి నొప్పెట్టకూడదు.”

గాటు చూపించాను. భుజం మీది ముక్క ఊడొచ్చింది. కింద చెమటతో మెరుస్తున్న నల్లటి భుజం. ఆవిడ దాన్ని అరచేత్తో తుడిచింది.

“ఇంత అందాన్ని నేనే కప్పెట్టానే,” అంది.

ఆ తర్వాత జనం ఒక్కొక్కరే లేచారు.

అంతా అయ్యాక, వెనక గదిలో కుళాయి కింద మోచేతులు కడుక్కుంటూ ఆమె అడిగింది. “నేను కళ్లు మూయకుండానే లేచావేం?”

మొదటిసారి ‘నువ్వు’.

“నీకు ఊపిరాడట్లేదనుకున్నా.”

“నాకాడకపోతే నీకేం?”

“నాకూ ఆడదు కనక.”

ఆమె తడిచేతిని నా చేతిలో పెట్టి, గుమ్మంలో నిలబడ్డ తల్లి వైపు తిరిగింది.

“అమ్మా, ఈయన...”

“తెలుసులేవే,” అంది అత్తయ్య. అప్పటికింకా అత్తయ్య కాదు. “అక్కడ నువ్వు నిలబడ్డంతసేపూ ఈ అబ్బాయి చచ్చి బతికాడు. నేను చూస్తూనే ఉన్నా.”