మార్తా అవ్వ పండుగనాడు తిప్పిన కాలం

రలిత్సకీ నాకూ పడదని, కాలం తిప్పడం నేర్పే మా అకాడెమీ అంతా అనుకునేది. అనుకోవడంలో తప్పేం లేదు. చేరిన రోజే నేను ఆమె టీకప్పు పగలగొట్టాను. దాన్ని అతికిద్దామని కాలాన్ని వెనక్కి తిప్పబోతే కప్పు అతకలేదు గానీ భోజనాల గంట రెండోసారి మోగింది. పిల్లలంతా మళ్ళీ వెళ్ళి వరసలో నిలబడ్డారు.

"జహారీ, నీకు కాలం తిప్పడం తర్వాత నేర్పొచ్చు, ముందు కప్పు పట్టుకోవడం నేర్పాలి" అంది రలిత్స.

ప్లోవ్దివ్ పట్నం అమ్మాయి కదా, నోటికి అడ్డూ అదుపూ ఉండదు. కానీ ఆ మాటకే నేను పడిపోయాను. ఆ సంగతి చెప్పడానికి మాత్రం ఒకటిన్నర సంవత్సరం ధైర్యం చాలలేదు.

చివరికి మార్తా అవ్వ పండుగనాడు చెప్పేద్దామనుకున్నాను. మార్చి ఒకటిన మేమంతా ఎరుపూ తెలుపూ కలిపి పేనిన దారాలు ఒకరి చేతికి ఒకరు కట్టి, ఏడాదంతా చల్లగా ఉండమని దీవించుకుంటాం. ఆ రోజు మా అకాడెమీలో కాలాన్ని ముట్టుకోకూడదు. దానికో కారణముంది. కాలాన్ని వెనక్కి తిప్పితే జరిగినవన్నీ చెరిగిపోతాయి, తిప్పినవాళ్ళకి తప్ప ఇంకెవరికీ గుర్తుండవు. కానీ ఎదుటివాళ్ళ మేలు కోరి కట్టిన ముడి మాత్రం ఎంత తిప్పినా విడిపోదు, చేతి మీదే మిగిలిపోతుంది.

మార్చి నెల వాతావరణమంతా మార్తా అవ్వ మనసును బట్టే మారుతుందంటారు. ఆ పొద్దున అవ్వ మంచి చిరాకులో ఉన్నట్టుంది. కాసేపు ఎండ, కాసేపు మంచు. నేను లోపలి వాకిట్లోకి అడుగు పెట్టానో లేదో, ఎవరో బోజా అనే చిక్కటి పానీయం గ్లాసుతో వచ్చి గుద్దుకున్నారు. చొక్కా చెయ్యంతా తడిసింది. తిట్టుకుంటూ దాన్ని పైకి లాగాను.



అప్పటికి నా చేతికి ఎవరూ దారం కట్టలేదు. కానీ మోచేతి కింద దారాలు గుత్తిగా ఉన్నాయి. ఒక్కోదానికీ నీలం పూస. ఆ పూసలు రలిత్స వాళ్ళ నాయనమ్మవి, అకాడెమీలో ఇంకెవరి దగ్గరా లేవు.

ఆమె నాకు దారం కట్టింది, ఒకసారి కాదు, చాలాసార్లు. కట్టినప్పుడల్లా నేను మనసులో మాట చెప్పేసే ఉంటాను, వారం రోజులుగా నేను సిద్ధం చేసుకున్నది అదొక్కటే కదా. విన్న వెంటనే ఆమె కాలాన్ని తిప్పేసింది. ఆ మాట లోకంలో లేకుండా చేసింది.

అది ఊరికే అయ్యే పని కూడా కాదు. తిప్పినంత కాలమూ తిప్పినవాళ్ళ ఆయుష్షులోంచి తెగిపోతుంది. మింకా టీచరు మాకు చెప్పిన మొదటి పాఠమే అది. అంటే నా మాట వినడం కన్నా తన ప్రాణంలో ముక్క కోసివ్వడమే నయమనుకుందన్నమాట. అంత అసహ్యం ఎవరికైనా ఉంటుందా? ఏడుపొచ్చింది నాకు.

రలిత్స మెట్ల దగ్గర నిలబడి నావైపే చూస్తోంది. చేతిలో ఇంకో దారం, దానికీ నీలం పూస. నా చెయ్యి చూసి మొహం పాలిపోయింది. కాలం తిప్పడానికి వేలు పైకెత్తి గాలిలో వెనక్కి సున్నా చుట్టబోయింది. నేను పరుగెత్తి ఆ వేలు పట్టుకున్నాను.

"వద్దు రలీ. ఇష్టం లేదని ఒక్క ముక్క చెప్తే పోయేది. నీ ఆయుష్షు ఎందుకు పాడు చేసుకున్నావు? నేను రేపే ఊరెళ్ళిపోతాను, మళ్ళీ నీకు కనపడను."

ఆమె నన్ను వెర్రివాణ్ణి చూసినట్టు చూసింది.

"ఇష్టం లేదని ఎవరన్నారు?"

"మరి ఇవన్నీ ఏంటి?"

ఆమె చెయ్యి విడిపించుకుని, కోటు చేతిని నెమ్మదిగా పైకి లాక్కుంది. ఆమె చేతినిండా దారాలే. మైనం పూసి రెండుసార్లు మెలేసి బిగించిన ముళ్ళు. చెప్పులు కుట్టే మా నాన్న నాకు నేర్పిన ముడి అది, కత్తితో తప్ప ఊడదు. అవన్నీ నేను కట్టినవే. ఆమె ప్రతిసారీ కట్టించుకుంది.

"కట్టనిచ్చావా? మరి తిప్పేయడం దేనికి?"

రలిత్స తల దించుకుంది. అంత నోరున్న పిల్ల మాటల కోసం వెతుక్కోవడం నేను అదే మొదటిసారి చూశాను.

"నువ్వసలు మాట్లాడవు కదా జహారీ. ఆ ఒక్కసారీ మాట్లాడావు. చాలా బాగా చెప్పావు. ఇంకోసారి విందామనిపించింది. తర్వాత ఇంకోసారి. ఒకసారి చెప్పేశాక మళ్ళీ ఈ మనిషి జన్మలో చెప్పడేమోనని భయమేసింది."

"దానికి ఆయుష్షు పోగొట్టుకున్నావా?"

అవునన్నట్టు, మా వాళ్ళంతా ఊపినట్టే, తల అడ్డంగా ఊపింది. కళ్ళనిండా నీళ్ళు. కోపమూ జాలీ ప్రేమా ఒక్కసారే ముంచుకొచ్చాయి. మీద మంచు పడుతోంది, చుట్టూ పిల్లలు బనిత్స రొట్టెలు తింటూ మమ్మల్నే చూస్తున్నారు. పడితే పడనీ, చూస్తే చూడనీ అనుకున్నాను.

"ఇంకెప్పుడూ తిప్పకు రలీ. వినాలనిపిస్తే అడుగు, చెప్తాను."

"ఎన్నిసార్లడిగినా?"

"ఎన్నిసార్లయినా."

ఆమె కళ్ళు తుడుచుకుని, ఇక తిప్పనన్నట్టు రెండు చేతులూ కోటు జేబుల్లో పెట్టేసుకుంది.

"అయితే చెప్పు."