ముగిచా అనే మారుపేరు

మూడు కోట్ల మంది ఆడిన ఆటను రాసిన మనిషి పేరు ఆ ఆటలో ఎక్కడా ఎందుకు లేదు?

జపాన్‌లో వీడియో ఆటలు తయారుచేసే కవసెమి సంస్థను ఈ ప్రశ్న అడిగి అలసిపోయినవారు చాలామంది. సమాధానం చెప్పినవారు లేరు. 'వానకోట' ఆట పూర్తయినప్పుడు తెర మీద నాలుగు పేర్లు పైకి జరుగుతాయి: తాబేలు, బట్టతల నక్క, ఆవలింత, ముగిచా. నాలుగూ మారుపేర్లే. అసలు పేర్లు వేస్తే పోటీ సంస్థలు మనుషులను ఎగరేసుకుపోతాయని ఆ రోజుల్లో యజమానుల భయం. మనిషిని నిలుపుకోవడానికి జీతం పెంచడం ఒక పద్ధతి. పేరు చెరిపేయడం అంతకంటే చవకైన పద్ధతి.

తాబేలు, నక్క, ఆవలింత ఎవరో తర్వాతి కాలంలో లోకానికి తెలిసింది. ముగిచా ఎవరో తెలియలేదు. ముగిచా అంటే వేయించిన యవలతో కాచి, వేసవిలో ఇంటింటా చల్లగా తాగే టీ. ఆ టీ పేరు వెనుక ఉన్న మనిషి ఎవరన్నది, ముసురు పట్టిన ఒక జూన్ సోమవారం నాటికి దేశభద్రత సమస్యగా మారింది.

ఆ సోమవారం మధ్యాహ్నం ఒసాకా నిప్పొంబషిలో, మూతపడటానికి సిద్ధంగా ఉన్న ఒక గేమ్ సెంటర్‌లో, ప్రభుత్వ గూఢచారి శాఖ ఎనిమిదో విభాగం ఏజెంట్ మినసె బొమ్మల క్రేన్ యంత్రం ముందు నిలబడి ఉన్నాడు. మూడు అంతస్తుల భవనంలో అతను తప్ప ఆడేవారు లేరు. అన్ని యంత్రాలూ ఎవరి పాట అవి పాడుకుంటున్నాయి.

"ఈ యంత్రం ఏమైనా పట్టుకుంటుందా?" అని పక్కకు వచ్చి నిలబడిన స్త్రీ అడిగింది.

"పట్టుకుంటుంది. పైకి తేదు."

కోడ్ సరిపోయింది. ఆమె విభాగాధిపతి ఉత్సుగి. తడిసిన గొడుగును యంత్రానికి ఆనించి నేరుగా విషయంలోకి వచ్చింది.

"కవసెమి ఇప్పుడు ఏం చేస్తోందో తెలుసుగా?"

"అందరూ చేసేదే. పాత ఆటలకు కొత్త రంగులు. ఫోన్‌లో లాటరీ పెట్టెలు. పనిమంతులైన కుర్రాళ్లు విదేశీ సంస్థలకు, చిన్న స్టూడియోలు విదేశీ ఫండ్లకు."

"ఉపన్యాసం నేనిస్తాను, నువ్వు విను. పాము చేపలు కాల్చే హోటళ్లలో పులుసు కుండ ఉంటుంది. తాతల నాటిది. ఎవరూ కడగరు, ఖాళీ చేయరు, పైన పోస్తూ పోతారు. కవసెమి ఆటలన్నీ అలాగే తయారయ్యాయి. అడుగున ఉన్నది ముగిచా రాసిన పాస్‌వర్డ్ ప్రోగ్రామ్. ఆఫీసు మారినప్పుడు దాని మూలప్రతులు చెత్తలో పారేశారు. అది ఎలా పనిచేస్తుందో ఇప్పుడు ఆ సంస్థలో ఎవరికీ తెలియదు. పనిచేస్తోంది కాబట్టి ముట్టుకోరు. దాని మీద ఒకే ఒక్క వాక్యం ఉంది: 'ముట్టుకోవద్దు.'"

"అందులో ఏముంది?"

"దొడ్డిదారి. రాసినవాడు పరీక్షించుకోవడానికి పెట్టుకున్న తలుపు. సర్వర్లు మెయింటెనెన్స్‌లో ఉన్నప్పుడు మాత్రమే తెరుచుకుంటుంది. తెరిస్తే మూడు కోట్ల మంది ఇళ్లు, ఫోన్లు, పిల్లల ముఖాలు చేతికొస్తాయి. అది 'ఆల్బట్రాస్'కు తెలిసిపోయింది."

ఆల్బట్రాస్ అనేది ఒక విదేశీ ముఠాకు విభాగం పెట్టిన పేరు. పైకి పెట్టుబడుల కంపెనీ.

"ముగిచా కోసం వెతుకుతున్నారు," అంది ఉత్సుగి. "తలుపు తెరిపించుకున్నాక తాళంచెవిని బతకనివ్వరు. బుధవారం మధ్యాహ్నం మెయింటెనెన్స్. అది మొదలయ్యేలోపు నువ్వే ముందు చేరాలి. ముఠాలో మన మనిషి ఒకరున్నారు, సగిసాక మియ. ఏం తెలిసినా ఆమెకు పంపు."

ఉత్సుగి వెళ్లిపోయింది. మినసె చివరి నాణెం వేశాడు. క్రేన్ ఒక గుడ్డ కుందేలును పట్టుకుని, కాస్త ఎత్తి, వదిలేసింది. ఇంటికి తీసుకెళ్లినా దాన్ని ఇవ్వడానికి అతనికి ఎవరూ లేరు.

మంగళవారం అతను ఆట చరిత్ర రాసే పత్రికా రచయిత వేషంలో అమగసాకి వెళ్లాడు. తాబేలు, అంటే కవసెమిలో ఒకప్పటి ప్లానర్ ఒకొనొగి, అక్కడి గేమ్ సెంటర్‌లో, మెడల్ అనే బిళ్లలు వేసి గుట్టను రాల్చే యంత్రం దగ్గర రోజంతా కూర్చుంటాడు.

"ముగిచా గురించా?" అని ఒకొనొగి విసుక్కున్నాడు. "వచ్చినవాడల్లా అదే అడుగుతాడు. ఎదురుగా తాబేలు కూర్చుని ఉంటే, టీ ఎక్కడని అడుగుతారేమిటయ్యా!"

"వానకోట తయారుచేసిన గదిలో ఎంతమంది ఉండేవారు?"

"ముగ్గురం. మూడు చాపలు, మూడు యంత్రాలు, ఒకటే ఫ్యాన్."

"తెర మీద పేర్లు నాలుగు."

"ఓ, అదా! సరదాకు వేశాం. యుగె అని ఒకమ్మాయి టీ తెచ్చేది. వేసవంతా ముగిచా పోసేది. పాపం, తన పేరూ ఒకటి ఉండనిద్దాం అనుకున్నాం."

"టీ పోయడానికే ఉద్యోగంలోకి తీసుకున్నారా?"

"కాదనుకోండి. గణితంలో పట్టా ఏదో ఉండేది. ఆడపిల్ల కదా, పొద్దున, మధ్యాహ్నం టీ ఆమె వంతు. మిగతా వేళల్లో మూలనున్న పాత యంత్రం మీద ఏదో టకటకా కొట్టుకుంటూ ఉండేది."

"పాస్‌వర్డ్ ప్రోగ్రామ్ ఎవరు రాశారు?"

"నక్క."

"నక్క గారు మీరే రాశారన్నారు."

మెడల్ వేయబోయిన ఒకొనొగి చెయ్యి ఆగింది. "అయితే ఆవలింత అయి ఉంటాడు."

"ఆవలింత గారు పోయే ముందు పత్రికకు ఇచ్చిన ఇంటర్వ్యూలో నక్క గారి పేరు చెప్పారు."

యంత్రం లోపల మెడల్స్ గుట్ట ముందుకీ వెనక్కీ కదులుతూనే ఉంది. ఒకటి కూడా రాలలేదు.

"ఆమె పెళ్లని ఉద్యోగం మానేసింది," అన్నాడు ఒకొనొగి. "ఆ తర్వాత ఆ ప్రోగ్రామ్‌లో చిన్న తప్పు దొరికింది. మావల్ల కాలేదు. 'ముట్టుకోవద్దు' అని రాసి వదిలేశాం."

"ఎవరు రాశారు?"

"నేనే."

"ఆమెనే అడిగి ఉండొచ్చుగా?"

ఒకొనొగి నిజంగానే ఆశ్చర్యపోయాడు. "ఎవరిని? టీ పోసే అమ్మాయినా?"

దేశంలోని మేధావులు, విలేకరులు, అభిమానులు దశాబ్దాల పాటు ముగిచా కోసం వెతికారు. ప్రోగ్రామర్ల జాబితాల్లో వెతికారు. టీ ఇచ్చిన చేతి వైపు ఒక్కరూ చూడలేదు. ఈ అంధత్వానికి విదేశీ కుట్ర అవసరం లేకపోయింది. అది పూర్తిగా స్వదేశీ ఉత్పత్తి.

మినసె ఆ సాయంత్రానికే చిరునామా సంపాదించాడు: సెన్రి గృహసముదాయం, నాలుగో అంతస్తు, ఒంటరి మహిళ. నియమం ప్రకారం 'యుగె చిజురు' అని పేరు టైపు చేసి, చిరునామాతో సహా సగిసాక మియకు పంపాడు. అక్కడే పొరపాటు జరిగింది.

బుధవారం అతను అగ్నిమాపక తనిఖీ మనిషి వేషంలో మెట్లెక్కాడు. నీలం దుస్తులు, టోపీ, భుజాన పొడవాటి కర్ర. కర్ర చివర ఒక గిన్నె ఉంటుంది. దాన్ని గది పైకప్పుకు ఉన్న పొగ గంటకు ఆనించి మీట నొక్కితే పొగ వస్తుంది, గంట మోగుతుందో లేదో తెలుస్తుంది. విభాగం ఇచ్చిన పరికరాల్లో ఇంత నిజాయితీ గలది మరొకటి లేదు. అందులో దాచినది ఏమీ లేదు.

తలుపు తీసే ఉంది. గుమ్మంలో రెండు జతల చెప్పులు. ఒకటి పాత రబ్బరు చెప్పులు, రెండోది మడమ ఎత్తైన తెల్ల తోలు బూట్లు.

"రండి మినసె గారూ, ఆలస్యమైంది," అంది లోపలి నుంచి తియ్యని గొంతు.

సగిసాక మియ చాప మీద మోకాళ్లు మడిచి కూర్చుని ఉంది. మీగడ రంగు దుస్తులు, మెడలో ముత్యాలు, చేతిలో లిప్‌స్టిక్. లిప్‌స్టిక్ ఉండవలసిన చోట సన్నని సూది ఉంది. అది పక్కనున్న వృద్ధురాలి మెడకు జానెడు దూరంలో ఉంది.

"మన మనిషివి అనుకున్నాను," అన్నాడు మినసె.

"మీ మనిషినే. వాళ్ల మనిషిని కూడా. వాళ్లు భోజనం బాగా పెడతారు. కర్ర కింద పెట్టి కూర్చోండి."

అతను కూర్చున్నాడు. కర్ర పక్కనే చాప మీద పెట్టాడు. వృద్ధురాలు, అంటే యుగె, ఎవరూ అడగకుండానే అతని ముందు గ్లాసు పెట్టి చల్లటి ముగిచా పోసింది. అలవాటు. మెడ దగ్గర సూది ఉన్నా గ్లాసు అంచు దాకా నింపింది.

బల్ల మీద ల్యాప్‌టాప్ తెరిచి ఉంది. అవతల ఆల్బట్రాస్ వేచి ఉంది. కవసెమి సర్వర్లు మెయింటెనెన్స్‌లో ఉన్నాయి.

"యుగె గారూ, ఇంకోసారి చూడండమ్మా," అంది మియ, తెరను ఆమె వైపు తిప్పుతూ. "వానకోట కొత్త ప్రతి, మేమే తెస్తున్నాం. మొదటి తెర మీదే మీ పేరు. మారుపేరు కాదు, అసలు పేరు. ఇన్నేళ్లలో కవసెమి వాళ్లు మీకు ఏం ఇచ్చారు? తలుపు తెరవండి, చాలు."

యుగె ఆ తెరను చూసింది. కళ్లజోడు తీసి తుడుచుకుని మళ్లీ చూసింది. తర్వాత మినసె వైపు తిరిగింది.

"మీరేం ఇస్తారు బాబూ?"

అబద్ధం చెప్పడం అతని వృత్తి. ఎంతో నైపుణ్యంతో చెప్పగలడు. "ఏమీ లేదమ్మా," అన్నాడు. "కవసెమి మీ పేరు వేయదు. మేమూ వేయించలేము. కానీ తలుపు తెరిచాక ఈవిడ మిమ్మల్ని బతకనివ్వదు."

మియ నవ్వింది. "చూశారా, ఎంత ఉదారులో! టైపు చేయండి పెద్దమ్మా. టైం అయిపోతోంది."

"కవసెమి వాళ్లు నేను పెళ్లికని మానేశానని చెప్పుకుంటారట," అంది యుగె, మినసెతోనే. "నాకు పెళ్లి కాలేదు. మానేయమనడానికి అదొక మర్యాదైన మాట, అంతే. వీడ్కోలు రోజు కూడా టీ నేనే పోశాను." ఆమె కీబోర్డును దగ్గరకు లాక్కుంది. "అమ్మాయీ, ఒకటి అడగనా? ఈ పేరు ఎవరు రాశారు?"

"మీ పేరే కదా. యుగె చిజురు."

"పలకడానికి నాదే. రాయడానికి కాదు. ఇవి 'వెయ్యి కొంగలు' అన్న అక్షరాలు. నా పేరు చివరి అక్షరం కొంగ కాదు, వింటి నారి. మాది విల్లు చెక్కేవాళ్ల ఇంటిపేరు. అందుకని మా నాన్న 'వెయ్యి నారులు' అని పెట్టాడు. ఎవరినైనా మొదటిసారి కలిస్తే, ఏ అక్షరాలమ్మా అని అడుగుతాం. చిన్నపిల్లలు కూడా అడుగుతారు."

ఆ కొంగలు ఎక్కడి నుంచి వచ్చాయో మినసెకు తెలుసు. జపాన్ లిపిలో ఒకే పలుకును వేర్వేరు అర్థాల అక్షరాలతో రాయవచ్చు; మంగళవారం పేరు టైపు చేసినప్పుడు అతని ఫోన్ ముందుగా చూపిన అక్షరాలవి. అతనూ అడగలేదు.

"కొంగో నారో, ఏదైతేనేం!" మియ గొంతులో తీపి పోయింది. "తర్వాత మార్పిస్తాను. ముందు కొట్టు!"

"కొడుతున్నాను," అంది యుగె.

ఆమె వేళ్లు కదిలాయి. ఆ కదలికలో వయసు లేదు. తెర మీద నల్లని గడి తెరుచుకుంది, రెండు వరుసల అక్షరాలు పరిగెత్తాయి. మియ ముందుకు వంగింది. అవతల ఎవరో ఏదో పరభాషలో అరిచారు. గడి మూసుకుపోయింది. సర్వర్లు మెయింటెనెన్స్ ముగించుకుని తిరిగి ఆటలోకి వచ్చాయి.

"ఏం చేశావ్, ముసలీ?"

"నా భాగంలో ఒక తప్పుండేది. సరిచేశాను. ఇక అక్కడ తలుపు లేదు, గోడే ఉంది. అప్పుడే చేసి ఉండేదాన్ని. ఎవరూ అడగలేదు."

సూది లేచింది. మినసె చాప మీది కర్రను కూర్చున్న చోటి నుంచే పైకెత్తి, గిన్నెను పొగ గంటకు ఆనించి మీట నొక్కాడు.

భవనం మొత్తం మోగింది. నాలుగు అంతస్తుల తలుపులూ ఒక్కసారిగా తెరుచుకున్నాయి. ఒంటరిగా బతికేవాళ్లు గంట మోగితే ఆలోచించరు, వస్తారు. నిమిషంలో గుమ్మం నిండా ముసలివాళ్లు, చేతుల్లో అత్యవసర సంచులు, ఒకరి చంకలో పిల్లి.

"యుగె గారూ, బతికే ఉన్నారా?"

"ఎవరీవిడ? లిప్‌స్టిక్ పట్టుకుని యుద్ధానికి వచ్చినట్టుంది!"

"ఏమ్మా, మంటలొస్తుంటే అలంకారమేమిటి? దిగు, దిగు!"

అంతమంది కళ్ల ముందు పొడవడానికి ఆ సూది పనికిరాదు. మియ దాన్ని సంచిలో పడేసి, తెల్ల బూట్లు చేత్తో పట్టుకుని, వట్టి కాళ్లతో తడి మెట్లు దిగింది. కింద, మినసె కబురందుకున్న ఎనిమిదో విభాగం వారి బండి ఆమెను పట్టుకుపోవడానికి సిద్ధంగా ఉంది. ఆమె కోసం తలుపు మర్యాదగా తెరిచి పట్టుకున్నారు.

అందరూ ఇళ్లకు వెళ్లిపోయాక ఉత్సుగి ఫోన్ చేసింది.

"రిపోర్టు ఇలా రాయి. ముగిచా అనే మనిషి లేరు. ముగ్గురు మగవాళ్లు కలిసి వాడుకున్న ఉమ్మడి పేరు అది. అప్పుడే ఇంకెవరూ ఆమె జోలికి రారు."

"ఆమె పేరు?"

"ఎక్కడా ఉండకూడదు."

అతను ఆ మాట యుగెకు చెప్పాడు. చెప్పక తప్పలేదు. ఆమె ఖాళీ గ్లాసులను పళ్లెంలో పెడుతోంది.

"అంటే, నన్ను కాపాడారు కాబట్టి నేను లేను," అంది. "పర్వాలేదు బాబూ, అలవాటే. టోపీ మరిచిపోకండి."

మెట్లు దిగుతూ అతను ఆ రెండు అక్షరాలను, వెయ్యి, నారి, అరచేతిలో వేలితో రాసుకున్నాడు. అవి కనబడవు. ఆ విషయం అతనికి తెలుసు.

మరుసటి ఏడాది కవసెమి వానకోటను కొత్త రంగులతో విడుదల చేసింది. ఈసారి అసలు పేర్లే వేశారు. జాబితా పదకొండు నిమిషాలు నడుస్తుంది. పాము చేపల భోజనం పంపిన హోటల్ పేరు ఉంది. ఆఫీసు పిల్లి పేరు ఉంది, సరైన అక్షరాలతో. ముగిచా స్థానంలో 'మరియు ఇతరులు' అని ఉంది.

నేనిక్కడ రాసిన పేరు కూడా ఆమెది కాదు. ఆమె బతికి ఉన్నంతకాలం రాయలేను. కాబట్టి ఆ పని మీది. చిన్నప్పుడు ఆడి ముగించిన ఆట మీకొకటి ఉంటుంది. దాన్ని తయారుచేసిన సంస్థకు రేపు ఫోన్ చేయండి. అది ఎవరు రాశారని అడగండి. 'మా బృందం' అంటే ఒప్పుకోకండి. పేరు చెప్పేదాకా ఫోన్ పెట్టేయకండి. చెప్పాక, ఏ అక్షరాలతో రాస్తారో అడగండి.