ఒక్క నిమిషం నిశ్శబ్దం

రాత్రిపూట ఆ ఇంట్లో ఏడుపు వినిపిస్తుందని చెప్పుకునేవారు. ఇల్లంటే నిజం ఇల్లు కాదు — టీవీ షో కోసం వేసిన సెట్టు. పన్నెండుమందిని లోపల పెట్టి, గోడకో కెమెరా బిగించి, వాళ్లు కొట్టుకుంటుంటే లోకానికి చూపించేవారు. ఇప్పుడు అందరూ వెళ్లిపోయారు. అయినా చీకటి పడ్డాక వాచ్‌మన్ గేటు దాటి లోపలికి అడుగు పెట్టేవాడు కాదు.

షో ఎడిటర్ వెళ్లాడు. ధైర్యం ఉండి కాదు, గతిలేక. బల్లి కనిపిస్తే భార్యని పిలిచే రకాన్నని తనే ఒప్పుకుంటాడు. ఈ కథ కూడా అతను చెప్పిందే.

అంతకుముందు అతను ఒక నవ్వు అతికించాడు. ఆ పన్నెండుమందిలో కుట్టుపని చేసుకునే ఒకావిడ, ఎవరో కాలుజారి పడితే నవ్విన నవ్వది. దాన్ని తీసుకెళ్లి, వాళ్లక్కకి కడుపు పోయిందన్న కబురు వినగానే నవ్వినట్టు పెట్టాడు. షో ఊపందుకుంది. అక్కేమో, నా గడప తొక్కొద్దని చెప్పేసింది. ఆవిడ రోజూ ఆఫీసుకి ఫోన్ చేసి, మా అక్కకి ఒక్కమాట చెప్పండి బాబూ అని బతిమాలుతూనే ఉంది.

రేపటి చివరి ఎపిసోడ్‌లో ఆ నవ్వు మళ్లీ వెయ్యాలి. దాని ముందు పెట్టడానికి ఆవిడ నవ్విన గదిదే ఒక్క నిమిషం నిశ్శబ్దం కావాలి. ఏ గది నిశ్శబ్దం దానిదే, వేరేది తెస్తే అతుకు బయటపడుతుంది.

లైట్ల రొద పడకుండా అన్నీ ఆర్పేశాడు. హెడ్‌ఫోన్ పెట్టుకుని రికార్డర్ సౌండు పూర్తిగా పెంచాడు.

ఎవరో... ఊపిరి తీస్తున్నారు.

అతను మైకుని దగ్గరికి లాక్కున్నాడు. ఊపిరి ఇంకా దగ్గరికొచ్చింది. తర్వాత సన్నగా... వెక్కడం.

"తల్లీ..." అన్నాడు గుసగుసగా. "ఆ నవ్వు వేరే రోజుది... నేనే అతికించాను... అందరూ చేసేదే కదా అనుకున్నాను... పిల్లలుగలవాణ్ణి..."

వెక్కడం ఎక్కువైంది. తడుముకుంటూ పోయి లైటు వేశాడు —

ఎవరూ లేరు. ఊపిరీ తనదే, ఏడుపూ తనదే. మైకు తన ముక్కు కిందే పట్టుకున్నాడు, పదిహేనేళ్ల అనుభవం ఉన్న మనిషి. చూసినవాళ్లెవరూ లేరులే అని మొహం తుడుచుకుని ఎడిటింగ్ గదికి వచ్చి కూర్చున్నాడు.

ఒప్పుకున్నదంతా రికార్డింగులో ఉంది. అక్కకి పంపితే చెల్లెలి బతుకు నిలబడుతుంది, తన ఉద్యోగం పోతుంది. చాలాసేపు ఆలోచించాననే చెబుతాడు. చెయ్యి మాత్రం అలవాటుగా కత్తిరింపుకే పోయింది. "తల్లీ" తీసేశాడు. "నేనే అతికించాను" తీసేశాడు. వెక్కిళ్లన్నీ ఏరి పారేశాడు.

చివరికి నిమిషం నిశ్శబ్దం మిగిలింది. సరిచూద్దామని ఒకసారి వేశాడు.

నలభయ్యో సెకను దగ్గర, మైకుకి కాస్త దూరంగా, కథ వింటున్న మనిషిలా ఒక ఆడగొంతు —

"ఊఁ... తర్వాత?"